పచ్చిరాయి మీద మెక్సికో మాంసం

ఏ సంగతి ఎత్తినా "తెలుసులే" అనడం నిత్యానందానికి పుట్టుకతో వచ్చిన గుణం. రైలు ఎట్లా నడుస్తుందో ఆయనకు తెలుసు. మదరాసులో గవర్నరు దొర పొద్దున్నే ఏం తింటాడో కూడా తెలుసు. తనకేం తెలియదో మాత్రం తెలియదు. అందుకే మార్కాపురం పలకల కార్ఖానాలో అందరూ ఆయన్ని 'తెలుసులే నిత్యానందం' అనేవారు.

మార్కాపురం ఇంకా కర్నూలు జిల్లాలో ఉన్న రోజులవి. మిషను బంగళాకు కొత్త దొర, దొరసాని వచ్చారు. అంతకుముందు పదేళ్లు మెక్సికో దేశంలో పనిచేశారట. బంగళా వంటమనిషి కాశయ్య ముసలితనం మీదపడి గిద్దలూరులో కూతురి దగ్గరికి వెళ్లిపోయాడు. శుక్రవారం ప్రార్థన కాగానే దొరసాని వరండాలో నిలబడి, బైబిలు చదివి నేర్చుకున్న తెలుగులో ప్రకటించింది.

"మెక్సికో రీతిగా మాంసమును నానబెట్టి కాల్చగలవారు మీలో ఎవరైనను కలరా? అట్టివారికే వంటపని ఇచ్చెదము."

ఎట్లా చేయాలో కూడా ఆమే చెప్పింది. పెద్దకూరను వెడల్పుగా, పలచగా కోయించాలి. నిమ్మరసం పిండి, వెల్లుల్లి, జీలకర్ర, పచ్చిమిరపకాయలు, కొత్తిమీర నూరి పట్టించాలి. ఇనుప ఊచల మీద పరిచి నిప్పుల సెగన కాల్చాలి. ఇందులో సగం కూడా నిత్యానందం చెవిన పడలేదు. ఆమె వెల్లుల్లి దగ్గర ఉండగానే ఆయన చెయ్యెత్తి "తెలుసులే అమ్మా!" అనేశాడు.

"మంచిది. ఆదివారము ఆరాధన అయిన పిమ్మట మీ గృహమునకు వచ్చి భుజించెదము" అంది దొరసాని.

నిత్యానందం అక్కడినుంచి నేరుగా కార్ఖానాకు పరుగెత్తాడు. తన ఉలులన్నీ సంచీలో వేసుకుని, చెన్నకేశవులు మేస్త్రీకి ఒక దణ్ణం పెట్టి, పని మానేస్తున్నానని చెప్పి, ఈల వేసుకుంటూ ఇల్లు చేరాడు.

"దయామణీ! ఇంక పలకల దుమ్ము తినే పనిలేదే! కార్ఖానా పని మానేసొచ్చినా!" అంటూ ఉలుల సంచీ మంచం కిందికి విసిరాడు.

జొన్నరొట్టె తడుతున్న భార్య చెయ్యి ఆగిపోయింది. "మానేసినావా? మరి యాడ పని దొరికింది?"

"బంగళాలో. వంటపని."

"ఎవరికి?"

"ఎవరికేంది, నాకే!"

దయామణి మంచం కిందికి చూసింది. ఆ ఇంట్లో పొయ్యి వెలుగుతున్నదే ఆ ఉలుల పుణ్యాన.

"ఏమయ్యా, మొన్న అన్నం చూడమంటే నిలబడి మాడిందాకా చూసినావు. నీకు వంటేంది?"

"మన వంట రాదు గానీ మెక్సికో వంట తెలుసులే. మా మేనమామ యుద్ధంలో మెసపొటేమియా పోయి రాలా?"

"అదీ ఇదీ ఒకటేనా?"

"రెండూ సముద్రానికి ఆవలే గదే!"

శనివారం సాయంత్రం మహబూబ్ బాషా దుకాణంలో మాంసం కోయించాడు. బాషా కత్తి తుడుచుకుంటూ, "అల్లుడూ, ఇది కొంచెం ముదురు. పచ్చి బొప్పాయి వేలెడంత ముక్క నూరి గంటసేపు పట్టించు, మెత్తబడతది. ఎక్కువైతే మాత్రం ఖరాబే" అన్నాడు.

"తెలుసులే మామా!"

దారిలో నిత్యానందం బుర్ర గిర్రున తిరిగింది. వేలెడు ముక్కకే మెత్తబడే మాంసం, కాయంతా వేస్తే ఇంకెంత మెత్తబడాలి! గంటకే అంత అయితే, రాత్రంతా నానితే! ఇంటికి వచ్చి తలకాయంత బొప్పాయి ముందేసుకుని కూర్చున్నాడు.

"వేలెడే అన్నాడంటివి గదయ్యా?"

"బాషా మామది చిన్న మనసు. అందుకే చిన్న ముక్క చెప్పినాడు."

దయామణి గిన్నె తెచ్చి ముందు పెట్టింది. "సరే, మాంసంలో సగం నాకియ్యి. పులుసు పెడతా. దొరలు ఇద్దరే గదా, అంతా తింటారా?"

కాబోయే బంగళా వంటమనిషి దర్జాగా సగం ఇచ్చేశాడు.

ఆదివారం తెల్లవారగానే పలకరాయి గనికి వెళ్లి, తడి గోనెపట్టా కప్పిన రాళ్లలోంచి నల్లగా నిగనిగలాడే బండను భుజాన వేసుకొచ్చాడు.

"ఇదేంది?"

"మాంసం కాల్చడానికి."

"దొరసానమ్మ ఇనుప ఊచలని గదా చెప్పింది? ఊరంతా అనుకుంటన్నారు."

"మార్కాపురంలో పుట్టి ఇనుము మీద కాలుస్తామా? ఊరి పరువేం గాను!"

పలకలు తీసే రాయి ఎంత తడిగా ఉంటే అంత మేలు. ఆరిపోతే పొర విడవదు. పదిహేనేళ్ల పనిలో ఆయన మొట్టమొదట నేర్చుకున్న పాఠం అదే. మంచిరాయి పలకకైనా, వంటకైనా మంచిరాయే కదా అనుకున్నాడు. ఆరాధనకు పోతూ పోతూ ఎక్కడ ఆరిపోతుందోనని దానిమీద మరో రెండు చెంబులు నీళ్లు కూడా పోశాడు.

"తడిరాయి నిప్పుల మీద పెడతావా?"

"రాయి సంగతి నువ్వు నాకు చెబుతావా?"

"చెప్పనులే" అని దయామణి పొయ్యి దగ్గరున్న కుండలన్నీ తీసి అవతల పెట్టింది.

ఆరాధన అయింది. దొర, దొరసాని వచ్చి వాకిట్లో మంచం మీద కూర్చున్నారు. పాలెం పాలెమంతా గోడల వెంట నిలబడింది. నిత్యానందం కొత్త పంచె ఎగగట్టి, నిప్పులు రాజేసి, మూడు రాళ్ల మీద బండ ఎక్కించి, మాంసం కుండ మూత తీశాడు.

కుండలో ముక్కలు లేవు. రాత్రికి రాత్రి మాంసమంతా జావ అయిపోయింది. ఆయన గరిటె అందుకున్నాడు.

"మెక్సికోలో ఇట్లనే ఉంటది లెండి" అంటూ బండ మీద పోశాడు.

దొరసాని దొరవైపు చూసింది. దొర ఆకాశంవైపు చూశాడు.

బండ లోపల టిక్కుమంది. మళ్లీ టిక్, టిక్.

"వింటిరా! మంచిరాయంటే అట్ల పలకాల!" అని నిత్యానందం ఉత్సాహంగా అందరివైపు తిరిగాడు. సరిగ్గా అప్పుడే ఫట్టుమని బండ పేలింది.

పై పొర గాల్లోకి లేచింది. కోళ్లు గోడ దూకాయి. జనం గోడ చాటుకు దూకారు. మాంసంలో కొంత ఇంటికప్పు మీద, కొంత వేపచెట్టు మీద, మిగిలింది దొర టోపీ మీద పడింది. దేవుడి దయవల్ల ఎవరికీ దెబ్బ తగల్లేదు. నిత్యానందం మాత్రం తన కాళ్ల దగ్గర పడిన పొరను చూసి, ఇంత చక్కటి పలక నా ఉలితో ఎన్నడూ రాలేదే అనుకున్నాడు. ఆ తర్వాతే ఆయనకు ఉద్యోగం గుర్తొచ్చింది.

దయామణి లోపలికి వెళ్లింది. మంచం కింది సంచీ లాగి, మూరెడేసి పొడవున్న ఎనిమిది ఉలులనూ బూడిదతో తోమి కడిగింది. రాతిముక్కలు ఊడ్చేసి, నిప్పులు ఎగదోసి, రెండు రాళ్ల మీద ఉలులను ఊచల్లాగా వరసగా పేర్చింది. లోపలినుంచి గిన్నె తెచ్చింది. అందులో పులుసు లేదు. తెల్లవారుజామున నిమ్మరసం, వెల్లుల్లి, జీలకర్ర, పచ్చిమిరప పట్టించిన ముక్కలున్నాయి.

ముక్క ఉలుల మీద పడగానే చుయ్యిమంది. ఆ వాసనకు గోడ చాటు తలలన్నీ పైకి లేచాయి. దయామణి రెండువైపులా కాల్చి, కత్తితో సన్నగా కోసి, వేడి జొన్నరొట్టెలో చుట్టి దొరసాని చేతికిచ్చింది.

దొరసాని ఒక్క ముక్క కొరికి కళ్లు మూసుకుంది. తెరిచేసరికి ఆ కళ్లు తడిగా ఉన్నాయి.

"మిక్కిలి మేలుగా ఉన్నది! మెక్సికోలో మాకు వండిపెట్టిన అవ్వ ఇట్లే చేయుచుండెను. అమ్మా, రేపటినుండి నీవే మా వంటమనిషివి!"

"మరి నేనమ్మా?" అన్నాడు నిత్యానందం పీల గొంతుతో.

దొరసాని దొర టోపీవైపు ఒకసారి చూసింది. "నీవు పొయ్యికి మిక్కిలి దూరముగా ఉండుము."

వాళ్లు వెళ్లాక నిత్యానందం మూతి ముడుచుకున్నాడు. "పులుసు పెడతానని నన్ను మోసం చేసినావు గదే!"

"నువ్వు తెలుసులే అన్నప్పుడల్లా నేను సగం దాస్తానయ్యా. పెండ్లైనకాడి నుంచీ ఇదే పని" అంటూ దయామణి ఆఖరి ముక్క రొట్టెలో చుట్టి ఆయనకిచ్చింది.

తిన్నాడు. సిగ్గుతో తలెత్తలేకపోయాడు గానీ, ఇంత రుచి తన జన్మలో ఎరగనని ఒప్పుకున్నాడు.

సోమవారం పొద్దున్నే కార్ఖానాకు బయలుదేరుతూ మంచం కింద చెయ్యి పెట్టాడు. సంచీ లేదు.

"ఉలులు నేను తీసుకపోతన్నా" అంది దయామణి, సంచీ చంకలో పెట్టుకుని. "వాటి మీద కాలిస్తేనే ఆ రుచి వస్తదంట. బంగళాకి తెమ్మంది దొరసానమ్మ."

చెన్నకేశవులు మేస్త్రీ నిత్యానందాన్ని ఎగాదిగా చూశాడు. "పనిలో చేర్చుకుంటా గానీ, నీ ఉలులేవి?"

"బంగళా పొయ్యి మీద ఉన్నాయి మేస్త్రీ."

"ఉలులకు పొయ్యి మీద ఏం పనో, అదన్నా తెలుసా నీకు?"

నిత్యానందం అలవాటుగా నోరు తెరిచాడు. వచ్చిన మాట మింగేసి, "మా ఆడమనిషినడిగి చెబుతా" అన్నాడు.