టోబియాస్ కొట్టం మూడుసార్లు లేచిన వైనం

మా కౌంటీ కమిషనర్ క్లిఫర్డ్ డెల్లింగర్ గారు అక్టోబరు రెండో గురువారం నాడు స్వయంగా మా ఊరు స్టంపీ హాలోకు వచ్చి, ఉదయం పదిన్నర నుంచి సాయంత్రం నాలుగున్నర దాకా, మధ్యలో భోజన విరామంతో, సాదాగా జీవించబోతున్నారని తెలిసి మేమెంతో సంతోషించాం.

ఈ శుభవార్త మాకు ఆరు రంగుల అట్ట మీద అచ్చయి వచ్చింది. దాని పేరు 'ఆమిష్ జీవన దర్శన యాత్ర'. ఆమిష్ అంటే మేమే, అమెరికాలో కరెంటూ కార్లూ లేకుండా గుర్రబ్బళ్ళతో సాదాగా బతికే క్రైస్తవులం. ఒక బస్సు, యాభై మంది యాత్రికులు, ముందు సీట్లో కమిషనర్ గారు. ఆ రోజు మేమంతా సహజంగా ఉండాలని అట్ట ముందు వైపు రాసి ఉంది. ఎలా సహజంగా ఉండాలో వెనక వైపు పద్నాలుగు సూచనలున్నాయి. మిగతా వివరాలు ఇంటర్నెట్‌లో చూసుకోమన్నారు. కరెంటే లేని మా ఇళ్ళను అంత పెద్దగా ఊహించుకున్న ప్రభుత్వం ఇదివరకు లేదు.

నేను ఈ పత్రికకు ముప్పై ఒక్క ఏళ్ళుగా మా ఊరి సంగతులు రాస్తున్నాను. ఎవరింట కవలలు పుట్టారు, ఎవరి గుర్రం కుంటుతోంది, ఎవరి గుమ్మడికాయ ఎంత తూగింది, ఇలాంటివి. గుమ్మడికాయల విషయంలో నా మీద రెండు మూడు ఫిర్యాదులున్న మాట నిజమే. ఈ సంగతిలో మాత్రం ఒక్క ముక్క కూడా పెంచలేదు. ఆ అవసరం కమిషనర్ గారు రానివ్వలేదు.

అట్ట మీద పదిన్నరకు మొదటి కార్యక్రమం 'కొట్టం లేపుట'. అది టోబియాస్ పీటర్‌షైమ్ కొట్టం.

ఆగస్టులో ఆ కొట్టం మీద పిడుగు పడింది. రెండంతస్తుల కొట్టం, కింద ఆవులు, పైన అటక నిండా గడ్డి. తెల్లారేసరికి పునాది రాళ్ళు మిగిలాయి. ఆవులు ముప్పై రెండూ బతికాయి, ఐదుగురి కొట్టాల్లో తలదాచుకున్నాయి. టోబియాస్, అతని భార్య మలిండా రోజుకు రెండుసార్లు బండి కట్టుకుని ఐదు చోట్లా తిరిగి పాలు పితుకుతున్నారు. మంచు పడితే ఆ ఐదుగురూ తమ దూడల్ని లోపలికి తోలుకోవాలి. అప్పటికి సొంత కొట్టం లేకపోతే టోబియాస్ సగం ఆవుల్ని అమ్మేసుకోవాలి.

మా దగ్గర కొట్టం కాలితే పిలుపులు ఉండవు. పదిహేను రోజుల్లో కలప వస్తుంది, మనుషులొస్తారు, ఒక్క రోజులో లేస్తుంది. ఈసారి కలప వచ్చింది, మనుషులూ వచ్చారు. పర్మిట్ రాలేదు. టోబియాస్ నాలుగుసార్లు కౌంటీ ఆఫీసుకు వెళ్ళాడు. నాలుగోసారి తోడు నేనూ వెళ్ళాను. కమిషనర్ గారి సెక్రటరీ టిఫనీ మాకు ఒక నీలం ఫైలు చూపించింది.

"మీ పర్మిట్ ఇందులోనే ఉంది. యాత్ర రోజున సార్ స్వహస్తాలతో సంతకం పెడతారు. కొట్టం లేపాక."

"పర్మిట్ లేకుండా కొట్టం ఎలా లేపుతామమ్మా?" అన్నాడు టోబియాస్.

"ప్రదర్శనగా లేపొచ్చు. కొట్టంగా లేపకూడదు."

"తేడా ఏమిటి?"

"సంతకం పడితే కొట్టం. పడకపోతే సాయంత్రానికి అక్రమ నిర్మాణం."

ఎంత విడమరిచి చెప్పిందో చూడండి. మాకు గవర్నమెంటుతో వాదించే అలవాటు లేదు, కోర్టుకెక్కే అలవాటు అసలే లేదు. సరేనని వచ్చేశాం.

దారిలో నేను అన్నాను, "ఒరే టోబియాస్, నీ పొలం వాగుకు అవతల కూడా ఉంది కదా. అటు పక్క కౌంటీ. అక్కడ రైతు కొట్టం కట్టుకుంటే అడిగేవాడు లేడు."

"ఇల్లూ బావీ ఇవతల పెట్టుకుని చలికాలమంతా వాగు దాటి పాలు మొయ్యనా తాతా? మలిండా నన్ను కూడా అవతలే కట్టేస్తుంది."

అంతటితో ఆ మాట ఆగిపోయింది. మా పెద్ద వడ్రంగి ఐవాన్ రీల్ ఆ మాట విన్నాడో లేదో నాకు తెలియదు. ఆ రోజు మా బండి పగ్గాలు పట్టుకున్నది అతనే. యాత్రకు ముందు రోజు మాత్రం వాగు అవతల గుట్ట మీద ఏవో రాళ్ళు సర్దుతూ కనిపించాడు.

గురువారం తెల్లవారుజామున నూట ఎనభై మంది వచ్చారు. పదిన్నరకు మొదలుపెట్టాలని అట్ట మీద స్పష్టంగా ఉంది. కానీ ఎదురుగా కలప, చేతిలో సుత్తి, పైన వెలుతురు పెట్టుకుని ఖాళీగా నిలబడడం మా వాళ్ళకు చేతకాదు. చిన్నప్పటినుంచీ ఆ విద్య నేర్పలేదు. తొమ్మిదిన్నరకల్లా స్తంభాలు, దూలాలు, వాసాలు అన్నీ నిలబడ్డాయి. నేను నా వయసుకు తగినట్టు బల్ల మీద కూర్చుని వంకర మేకులు ఏరుతున్నాను.

బస్సు వచ్చింది. ముందు టిఫనీ దిగింది. కొట్టం వైపు చూసి బస్సు తలుపు మళ్ళీ మూసేయమంది.

"ఎవరు కట్టమన్నారు?"

"మీరేనమ్మా," అన్నాడు ఐవాన్.

"పదిన్నరకు కట్టమన్నాం."

"పదిన్నరకు అయిపోయింది కదా."

"అయిపోయింది చూడ్డానికి ఇంత దూరం రావాలా? విప్పండి. అందరూ చూస్తుండగా మళ్ళీ లేపండి."

ఐవాన్ టోబియాస్ వైపు చూశాడు. టోబియాస్ నీలం ఫైలు వైపు చూశాడు. నూట ఎనభై మందీ నిచ్చెనలెక్కి విప్పడం మొదలుపెట్టారు.

ఆ లోపల కమిషనర్ గారు సాదా జీవితం ప్రారంభించారు. జనం ముందు తన ఫోన్ తీసి చెక్కపెట్టెలో పెట్టి మూత వేశారు. యాత్రికులు చప్పట్లు కొట్టారు. పది నిమిషాలకోసారి దాన్ని బయటికి తీసి, ఫోన్ వదిలేశానని నలుగురికీ ఫోన్ చేసి చెప్పి మళ్ళీ పెట్టేవారు. అంత నిష్ఠ నేను బిషప్పుల్లో కూడా చూడలేదు. తలకు గడ్డి టోపీ పెట్టుకున్నారు. ధర చీటీ చెవి పక్కన వేలాడుతూ ఉంది.

టోబియాస్ ఆయన దగ్గరికి వెళ్ళి, "క్లిఫర్డూ, ఆ సంతకం..." అన్నాడు.

టిఫనీ అదిరిపడింది. "సార్ అనండి."

"మేం బిషప్పును కూడా పేరుపెట్టే పిలుస్తాం తల్లీ," అని నేను సర్దిచెప్పాను.

కమిషనర్ గారు నవ్వి, "నాకు ఇలాంటి ఆప్యాయతే కావాలి," అన్నారు. సంతకం సంగతి ఎత్తలేదు.

కొట్టం పూర్తిగా విప్పేసరికి భోజనాల గంట మోగింది. మలిండా, ఇంకో నలభై మంది ఆడవాళ్ళు పొడుగాటి బల్లల మీద కోడికూర, నూడుల్సు, బీట్‌రూట్ ఊరగాయ, బెల్లంపాకం కూరి కాల్చిన తీపి రొట్టెలు పెట్టారు. మేం తలలు వంచి మౌనంగా ప్రార్థన చేసుకుంటాం, తరవాతే చెయ్యి వేస్తాం. రెండు వందల మంది ఒక్కసారి నోరు మూసుకోవడం కమిషనర్ గారు తన రాజకీయ జీవితంలో ఎన్నడూ చూడలేదు. తన ప్రసంగం కోసమే అనుకుని లేచి నిలబడి, గత నాలుగేళ్ళలో తాను వేయించిన కల్వర్టుల గురించి చెప్పారు. ఎవరూ తల ఎత్తలేదు.

"కదిలిపోయారు," అన్నారు టిఫనీతో మెల్లగా.

ఒంటిగంటకు కొట్టం రెండోసారి లేవడం మొదలైంది. యాత్రికులు ఫోటోలు తీశారు. మాకు ఫోటోకు మొహం చూపించే అలవాటు లేదు గనుక నూట ఎనభై వీపులు బాగా వచ్చాయని విన్నాను. ఈసారి ఐవాన్ మేకులు కొట్టించలేదు, అన్నీ బోల్టులే. రేకులు కూడా ఎక్కించలేదు. పైగా కొట్టం చుట్టూ, లోపలా బయటా, నడుం ఎత్తున పొడుగాటి కర్రలు అడ్డంగా బిగించాడు.

"అవెందుకు?" అని అడిగింది టిఫనీ.

"మీరు మళ్ళీ ఏమైనా అడుగుతారేమోనని," అన్నాడు ఐవాన్.

కమిషనర్ గారు నిచ్చెనెక్కి అటక మీదికి చేరారు. గడ్డి ఎక్కించే పెద్ద ద్వారంలో నిలబడితే అందరికీ కనబడతారని ఏర్పాటు. ఆయన తల మీదుగా గుడ్డ బోర్డు కట్టారు, 'డెల్లింగర్, మీలాంటి సాదా మనిషి' అని. టిఫనీ రోడ్డు దాకా నడిచి వెళ్ళి వెనక్కి తిరిగి చూసింది. మొక్కజొన్న నిలవచేసే గాదె అడ్డం. సాదా మనిషి అన్నంత వరకే కనబడుతోంది, ఎవరో తెలియడం లేదు. ఆవిడ పరిగెత్తుకుంటూ వచ్చింది.

"దీన్ని కాస్త అటు జరపగలరా?"

అడిగినందుకు ఆవిడే సిగ్గుపడింది. ఐవాన్ సిగ్గుపడలేదు. "ఎంత దూరం?"

"బోర్డు రోడ్డు మీదికి పూర్తిగా కనబడేంత దూరం."

"జరిపితే సంతకం పెడతాడా క్లిఫర్డు?" అన్నాడు టోబియాస్.

"వెంటనే. పైనే, అందరి ముందూ."

ఐవాన్ వాగు అవతలి గుట్ట వైపు చూశాడు. టోబియాస్ ఒకసారి పాత పునాది వైపు, ఒకసారి బావి వైపు చూశాడు. తరవాత మలిండా వైపు చూశాడు. ఆవిడ గిన్నెలు తుడుస్తోంది. తల ఎత్తకుండా, "పాలు ఐదు చోట్ల పితకడం కంటే ఒక వాగు దాటడం నయం కాదూ," అంది.

నూట ఎనభై మంది కర్రలు పట్టుకున్నారు. ఐవాన్ మూడు లెక్కపెట్టాడు. కొట్టం లేచింది.

ఆ సమయానికి కమిషనర్ గారు పైన, "మీ సేవ నుంచి నేను ఒక్క అంగుళం కూడా కదలను," అంటున్నారు. అని, ఆగి, కింద గాదె మెల్లగా వెనక్కి పోతుండడం చూశారు. అయినా ప్రసంగం ఆపలేదు. అది అనుభవం. ద్వారం కమ్మీ ఒక చేత్తో పట్టుకుని రెండో చేత్తో జనానికి అభివాదం చేస్తూ, కోసేసిన మొక్కజొన్న మోళ్ళ మీదుగా సాగిపోయారు. యాత్రికులు పక్కనే నడిచారు. కొట్టం వాగులో దిగి, మోకాలి లోతు నీళ్ళు దాటి, గుట్ట ఎక్కింది. ఐవాన్ చెయ్యి ఎత్తాడు. దింపారు. నాలుగు మూలలూ నాలుగు రాళ్ళ మీద సరిగ్గా కూర్చున్నాయి. రాళ్ళు ముందే అక్కడ ఉండడం ఎంత అదృష్టమో.

బోర్డు రోడ్డు మీదికి బ్రహ్మాండంగా కనబడింది. దాని పక్కనే పక్క కౌంటీ వాళ్ళ స్వాగతం బోర్డు కూడా కనబడింది. పేపర్లో ఫోటో కుడివైపు కాస్త కత్తిరించి వేశారు.

కమిషనర్ గారు అటక మీదే ఫైలు తెరిచి, కెమెరాల కోసం మూడుసార్లు సంతకం పెట్టారు. టోబియాస్ నిచ్చెనెక్కి వెళ్ళి చెయ్యి చాపాడు. ఆయన ఆ చెయ్యి పట్టుకుని గట్టిగా ఊపారు.

"కాగితం?" అన్నాడు టోబియాస్.

"దీని మీద ముద్ర పడాలి, తనిఖీ జరగాలి. ఇంటికే వస్తుంది." ఫైలు బస్సెక్కింది. నాలుగున్నరకు సాదా జీవితం ముగిసింది.

తరవాతి వారం కౌంటీ ప్రకటన వెలువడింది. యాత్ర రోజున కమిషనర్ గారి పర్యవేక్షణలో ఒక్క రోజులో మూడు కొట్టాలు లేచాయట. పొద్దున ఒకటి, మధ్యాహ్నం ఒకటి, సాయంత్రం ఒకటి. నా గుమ్మడికాయల మీద ఫిర్యాదు చేసినవాళ్ళు ఈ లెక్క మీద నోరెత్తలేదు.

నవంబరులో మొదటి మంచు పడిన రోజు తనిఖీకి ఇన్‌స్పెక్టరు వచ్చాడు. చలికి ముక్కు ఎర్రబడ్డ మంచి మనిషి. టోబియాస్ పాలు పితకడానికి వెళ్ళాడు గనుక నేనే వెంట నడిచాను.

"మూడు కొట్టాలు రాసుంది తాతా. ఎక్కడున్నాయి?"

పొలం చూపించాను. పాత పునాది చుట్టూ రెండుసార్లు తిరిగాడు. టేపు తీసి, కొలవడానికి ఏమీ లేక చుట్టేశాడు. వాగు అవతల రేకులు కప్పిన కొట్టం, దాని కిటికీల్లోంచి ముప్పై రెండు ఆవుల ఊపిరి ఆవిరిగా వస్తోంది.

"అది ఉంది," అన్నాను.

"అది మా కౌంటీ కాదు. నేను చూడకూడదు."

మంచు జోరందుకుంది. అతని కాగితం తడిసిపోతోంది, రాసుకోవడానికి నీడ కావాలన్నాడు. వాగు మీద కొత్తగా వేసిన పలకల వంతెన మీదుగా ఆ కొట్టంలోకే తీసుకెళ్ళాను. లోపల వెచ్చగా ఉంది. టోబియాస్ ఆవు పొదుగు దగ్గరనుంచి తల ఊపాడు. ఇన్‌స్పెక్టరు పాల క్యాను మూత మీద కాగితం పెట్టి రాశాడు. భుజం మీదుగా నేనూ చదివాను. 'సదరు స్థలములో గాని, కనుచూపు మేరలో గాని, కొట్టమనునది లేదు. కావున పర్మిట్ నిరాకరించడమైనది.'

"మరి ఆ మూడూ ఏమైనట్టు?" అని అడిగాను.

"అది పైవాళ్ళు చూసుకుంటారు. వచ్చే ఏడాది యాత్రకు ఆరు అనుకుంటున్నారట." కింద సంతకం పెట్టి, చేతులు రుద్దుకున్నాడు. "కాస్త ఆ కొట్టం తలుపు వెయ్యి తాతా, గాలికి కాగితం ఎగిరిపోతోంది."

వేశాను.