తిరువూరులో సిగ్గు రద్దు

"ఈ రోజుతో తిరువూరులో సిగ్గు రద్దు!" అని అంకారావు గారు మైకులో ప్రకటించగానే చప్పట్లు మోగాయి. ఆయన పార్టీ పట్టణ అధ్యక్షుడు, బడి కమిటీకీ పెద్ద. కౌమార విద్యకి రిబ్బన్ కత్తిరించిన తొలి నాయకుడు తానే కావాలని ఆయన దూరదృష్టి.

అందరికంటే ఎక్కువ సంతోషించింది సైన్సు టీచర్ నాగలత. పోయిన వారం ఏడో తరగతి స్నిగ్ధ బాత్రూంలో దాక్కుని, "టీచర్, నాకు క్యాన్సరొచ్చింది. రక్తం ఆగట్లేదు. అమ్మకి చెప్పకండి" అని వెక్కివెక్కి ఏడ్చింది. అప్పట్నుంచీ ఈ పాఠం కోసం ఆవిడ అందరి కాళ్ళూ పట్టుకుంది. ఆవిడ చదువుకునే రోజుల్లో ఈ పాఠాన్ని "ఇంటి దగ్గర చదువుకోండి" అని దాటేసేవారు. ఆవిడ ఉద్యోగంలో చేరాక 'జీవన నైపుణ్యాలు' అని పేరు మార్చారు. ఎవరో గోల చేస్తే ఆ పుస్తకాల్ని బీరువాలో పెట్టి తాళం వేశారు. ఇప్పుడు రిబ్బన్‌తో సహా తిరిగొచ్చింది.

నాగలత తరగతి గది గోడకి గర్భాశయం చార్టు తగిలించింది. అంకారావు గారు వెంటనే ఫ్యాను వైపు చూశారు.

"మగపిల్లల ముందు ఇదేంటి మేడం?"

మగపిల్లల్ని గ్రౌండుకి పంపేశారు.

"ఇంతమంది మగాళ్ళ ముందు ఆడపిల్లలు ఎలా వింటారండీ?" అన్నారు ముందు వరసలో కమిటీ సభ్యుల మధ్య కూర్చున్న మిల్లు యజమాని కాశీవిశ్వనాథం గారు.

"మీరంతా బయటికెళితే సరిపోతుంది కదండీ?" అంది నాగలత ఆశగా.

"ప్రారంభోత్సవం మాదమ్మా!"

ఆడపిల్లలు వరండాలోకి వెళ్ళారు. ఇక మగాళ్ళ మధ్య ఒక్క ఆడమనిషి ఉండటాన్ని వాళ్ళ సంస్కారం ఒప్పుకోలేదు. నాగలతకి శాలువా కప్పి, బయటికి సాగనంపి, తలుపేసుకున్నారు.

ఆవిడ శాలువా పరుచుకుని కూర్చుని, వరండా గచ్చు మీద సుద్దముక్కతో బొమ్మ గీసింది. ఇది రోగం కాదనీ, నెలనెలా వచ్చేదేననీ చెప్పింది.

"అయితే నేను చచ్చిపోనా టీచర్?" అంది స్నిగ్ధ.

"యూనిట్ టెస్టు పెట్టుకుని ఎక్కడికి పోతావే?"

అందరూ పగలబడి నవ్వారు. ఆ నవ్వులకి మగపిల్లలు ఒక్కొక్కళ్ళే వచ్చి చేరారు. "నా గొంతెందుకు ఇలా మారిపోయింది టీచర్?" అన్నాడు కిరీటి బొంగురుగా. దానికీ జవాబు దొరికింది. ఎవరికీ కళ్ళు తిరగలేదు.

ఇంతలో లోపల కేకలు, బల్లల మీద గుద్దులు. తలుపు తీసుకుని అంకారావు గారు చెమటలు కక్కుతూ వచ్చారు.

"మేడం, మీరొకసారి లోపలికి రావాలి. మగాళ్ళకి గర్భాశయం లేదన్న తీర్మానం ఒక్క ఓటు తేడాతో ఓడిపోయింది."