ఆడనమ్మకు సన్మానం

"ముప్ఫై ఏళ్ల నియంతృత్వం అంతమైనది! ఇకపై మలావీ మహిళ ఏ నాయకుడి ముందూ బలవంతంగా నాట్యం చేయనక్కర్లేదు! వచ్చే శనివారం స్వేచ్ఛాశాఖ మంత్రిగారు మన పట్నానికి విచ్చేయుచున్నారు. మహిళలందరూ మైదానానికి వచ్చి, ఈ శుభవార్తను నాట్యం చేసి చాటవలెను. హాజరు తీసుకోబడును!"

జీపు మీద నిలబడి మైకులో ఈ ప్రకటన చేసినవారు మా ఊరి పార్టీ ఛైర్మన్ వైసన్ కడెవెరె గారు. ప్రజలంటే ఆయనకు మొదటినుంచీ ప్రేమ. పెద్దాయన పాలించిన రోజుల్లో పార్టీ కార్డు లేనివాళ్లను సంత గేటు దగ్గర పట్టుకుని వెనక్కి తోలే ఉద్యోగం ఆయనదే. ఆ విధంగా ఊళ్లో ప్రతి మనిషినీ ముఖం చూసి గుర్తుపట్టగలరు. ఎన్నికల్లో పెద్దాయన ఓడిన మర్నాడు పొద్దున్నే నా దగ్గరికి వచ్చి కొత్త పార్టీ రంగులో చొక్కా కుట్టమన్నారు. నేను టేపు తీస్తే, "కొలతలెందుకయ్యా, పాతవే వాడు. మనిషిని నేనే కదా" అన్నారు. అంత నిజాయితీగా మాట్లాడిన నాయకుణ్ణి నేను మరొకర్ని చూడలేదు.

నేను సంతలో ఒక కొట్టు వరండాలో మిషను పెట్టుకున్న దర్జీని. పెద్దాయన ముఖం అచ్చేసిన గుడ్డతో ఆడవాళ్లకు నాట్యం బట్టలు కుట్టి బతికాను. ఆ పనిలో ఒకటే జాగ్రత్త. ఆయన ముఖం కూర్చునే చోటికి రాకూడదు. ఒకసారి మా మేనమామ కత్తెర అరంగుళం పక్కకు పోయింది. ఆయన్ని తీసుకెళ్లినవాళ్లు కత్తెర మాత్రం భద్రంగా తెచ్చి ఇచ్చారు. ఇప్పుడు కొత్త ముఖం ఉన్న గుడ్డ కత్తిరిస్తున్నది ఆ కత్తెరతోనే.

నా వరండాకు ఎదురుగా నచిసాలె అక్క చేపలమ్మే స్థలం. సంత మొత్తంలో మధ్యాహ్నం దాకా నీడ ఉండే చోటు అదొక్కటే. సరస్సులోంచి అప్పుడే తెచ్చిన చంబో చేప ఎండలో గంటసేపు నిలవదు. ఆ నీడ లేకపోతే ఆమెకు బేరం లేదు, ఇంట్లో పొయ్యి లేదు. మూడుసార్లు నాట్యానికి రానివాళ్ల స్థలం తీసేసే రోజుల్లో, ఆ నీడ కోసమే ఆమె ఒక్కసారి కూడా మానకుండా ఆడింది.

జీపు వెళ్లిపోగానే చేతులు తుడుచుకుంటూ నా దగ్గరికి వచ్చింది.

"తమ్ముడూ, వాడేమన్నాడు? ఆడక్కర్లేదన్నాడా, ఆడమన్నాడా?"

"రెండూ అన్నారక్కా."

"నాకు మొదటిదే వినపడింది. నాకదే చాలు. పద, పార్టీ ఆఫీసుకి పోదాం."

ఛైర్మన్ గారి ఎదుట ఆమె కూర్చోలేదు. "నేనాడనయ్యా. పెద్దాయన విమానం దిగితే ఆడాను, ఎక్కితే ఆడాను. ఒకరోజు ఆయన రానేలేదు, రాలేదని ఆడించారు. మోకాళ్లు అరిగిపోయాయి. ఇప్పుడాడకపోతే నా స్థలం పీకేస్తావా? ఆ ఒక్క మాట చెప్పు" అంది.

ఛైర్మన్ గారు నొచ్చుకున్నారు. "ఎంత మాటమ్మా! ఇది ప్రజాస్వామ్యం. ఆడకపోవడం నీ హక్కు. నీ స్థలానికి నాది పూచీ. దరఖాస్తు పెట్టుకో."

అటువంటి దరఖాస్తు దేశంలో ఇంకా పుట్టలేదు. ఆయన అక్కడికక్కడే పుట్టించారు. 'నాట్య నిరాకరణ దరఖాస్తు', మూడు ప్రతులు. అక్కకు చదువు రాదు కనుక నేను నింపాను. కారణం అన్నచోట మోకాళ్ల నొప్పి అని రాశాను. ఆయన కొట్టేశారు.

"మోకాళ్లేమిటయ్యా! స్వేచ్ఛ అని రాయి."

"నాకు నొప్పి మోకాళ్లలోనయ్యా," అంది అక్క. "స్వేచ్ఛలో ఏం లేదు."

అయినా స్వేచ్ఛ అనే రాశాం. ఆమె మూడుసార్లు వేలిముద్ర వేసింది.

మర్నాటికి ఆఫీసు ముందు ముప్ఫైమంది ఆడవాళ్లు ఫారాల కోసం వరుస కట్టారు. ఛైర్మన్ గారు కుర్చీ ఎక్కి వాళ్లకు రాజనీతి బోధించారు. "అమ్మల్లారా, బాగా వినండి. ఒక్కరు ఆడకపోతే దాన్ని ప్రజాస్వామ్యం అంటారు. ముప్ఫైమంది ఆడకపోతే కుట్ర అంటారు. మన ఊరికి ఉన్న కోటా ఒకటి. అది నిండిపోయింది." ఇంత తేలిగ్గా ఎవరూ చెప్పలేరు. వాళ్లు అట్నుంచటే మైదానానికి పోయి ప్రాక్టీసు మొదలుపెట్టారు.

ఈ సంగతి రాజధానికి చేరింది. మంత్రిగారితో సాయం ఇచ్చే విదేశీయులు కూడా వస్తున్నారట. స్వేచ్ఛ వచ్చిందంటే సరిపోదు, కళ్లారా చూపించమంటున్నారట. మిగతా జిల్లాల్లో ఎంత గాలించినా ఆడని ఆడమనిషి ఒక్కరూ దొరకలేదట. దాంతో నచిసాలె అక్క జాతీయ అవసరం అయిపోయింది. వేదిక మీద, అందరికీ కనపడేట్టు, మంత్రిగారి పక్కన నిలబడి ఆడకుండా ఉండాలని ఉత్తర్వు వచ్చింది. ఊళ్లో అందరూ ఆమెను ఆడనమ్మ అని పిలవడం మొదలుపెట్టారు.

రిహార్సల్ రోజూ పొద్దున్నే. నన్నూ నా మిషన్నీ మైదానానికి తరలించారు, ఎనభై మందికి బట్టలు కుట్టాలి గదా. అందువల్ల అంతా దగ్గరుండి చూసే భాగ్యం కలిగింది.

"చూపు దూరంగా పెట్టమ్మా. భవిష్యత్తులోకి!" అనేవారు ఛైర్మన్ గారు.

డోలు మోగగానే ఆమె మడమ దానంతటదే లేచేది. ముప్ఫై ఏళ్ల అలవాటు, దాని తప్పు లేదు.

"కాలు! కాలు కదిలింది! దేశం పరువు తీస్తావా?"

"నేను కదపలేదయ్యా, అదే కదిలింది."

చివరికి ఇద్దరు కార్యకర్తలు చెరో పక్క నిలబడి ఆమె పాదాల మీద తమ పాదాలు పెట్టారు. అప్పుడు ఆమె చాలా స్వేచ్ఛగా కనిపించింది.

మూడో రోజు అక్క విసుక్కుంది. "ఆడేటప్పుడు వారానికొక రోజు పోయేది. ఆడకుండా ఉండటానికి రోజూ రావాలా?"

"హక్కు అంటే మాటలా అమ్మా! సాధన చేయాలి."

"అవతల నా స్థలం ఎవరు చూస్తారు?"

"దాని బెంగ వదిలేయ్. నీ స్థలం మీద ప్రభుత్వం ప్రత్యేక శ్రద్ధ పెట్టింది."

శనివారం వచ్చింది. ఆమె పొద్దున్నే సరస్సు దగ్గర చేపలు కొని, బుట్టతో సహా వేదిక ఎక్కింది. సభ అయిపోగానే సంతకు పోయి అమ్ముకుందామని ఆమె ఆశ. కింద ఎనభై మంది కొత్త ముఖం బట్టలు కట్టుకుని ఆడుతున్నారు. మంత్రిగారు ఆమె వైపు చెయ్యి చాచి, "చూడండి! ఈ తల్లి ఆడటం లేదు!" అని గంభీరంగా అన్నారు. విదేశీయులు పుస్తకాల్లో రాసుకున్నారు. ఒకాయన ఆమె పాదాలకు ఫోటో కూడా తీశాడు.

తర్వాత మంత్రిగారు, "ఈ తల్లికి జాతి ఒక కానుక ఇస్తోంది. అందరూ సంతకు పదండి!" అన్నారు. డోళ్లు ముందు, ఆడేవాళ్లు వాటి వెనక, మేమంతా వాళ్ల వెనక నడిచాం.

నచిసాలె అక్క స్థలంలో, సరిగ్గా ఆ నీడలో, ఒక సిమెంటు దిమ్మె లేచి ఉంది. మంత్రిగారు ముసుగు లాగారు. నున్నటి రాతి పలక. జనం చప్పట్లు కొట్టారు.

"ఏం రాశారు తమ్ముడూ?" అంది అక్క.

"'నాట్యం చేయక, ఈ స్థలమున స్వేచ్ఛగా చేపలు అమ్మిన వీరవనిత నచిసాలెకు జాతి నివాళి.'"

"నివాళా? నేను బతికే ఉన్నాగా! సరే, కింద చిన్నక్షరాలేంటి?"

ముందు నాలో నేను చదువుకున్నాను. ఆ అక్షరాలు నేనే చెక్కినంత సిగ్గేసింది.

"చదువు తమ్ముడూ."

"'ఇక్కడ చేపలు అమ్మరాదు.'"

ఆమె తిన్నగా ఛైర్మన్ గారి దగ్గరికి పోయింది. "నా చేపలెక్కడ పెట్టుకోను?"

"అటు పక్క కొత్త షెడ్డు వేశాం గదమ్మా. బ్రహ్మాండమైన నీడ. స్థలాలన్నీ పంచేశాం."

"నాదేది?"

"హాజరు పట్టీ చూసి పంచాం, ఆడినవాళ్లకి. అందులో నీ పేరెలా ఉంటుంది? నీ మీద గౌరవంతో నేనే కొట్టేశాను."

ఆమె బుట్ట వైపు చూసింది. చేపల కళ్లు అప్పుడే తెల్లబడుతున్నాయి. బుట్ట తెచ్చి నా చేతుల్లో పెట్టి, నడుముకి గుడ్డ బిగించి కట్టి, ఎనభై మంది వరుస చివర చేరింది. ఆడటం మొదలుపెట్టింది. అరిగిపోయిన మోకాళ్లతో, పళ్లు బిగబట్టి, మిగతా అందరికంటే బాగా ఆడింది. డోలు వాయించేవాడు ఆమెను చూసి దరువు పెంచాడు. నాకు ఏడుపొచ్చింది.

ఛైర్మన్ గారు పరుగెత్తారు. "ఆపండి! ఆవిణ్ణి ఆపండి! నువ్వాడకూడదమ్మా, ఫోటోలు తీస్తున్నారు!"

"ఎందుకాడకూడదు? నా ఇష్టం కాదా?"

"నీ ఇష్టాన్ని రాసిచ్చేశావు, మూడు ప్రతుల్లో! మళ్లీ ఆడాలంటే రద్దు దరఖాస్తు పెట్టుకో. సోమవారం ఆఫీసు తీశాక రా!"

"సోమవారం దాకా నా చేపలాగుతాయా? పట్టీలో నా పేరు రాయి. ఈలోపు నేనాడుతుంటాను."

ఒక విదేశీయుడు మంత్రిగారిని అడిగాడు, ఆమెకేమైందని. మంత్రిగారు బాధగా తల ఊపారు. "పాపం, పాత పాలనలో అలవాటైన ప్రాణం. ఇంకా ఆడుతూనే ఉంది, చూశారా?"

ఇద్దరు పోలీసులు వచ్చి ఆమె రెండు రెక్కలూ పట్టుకున్నారు. జీపు ఎక్కిస్తున్నప్పుడు కూడా ఆమె మడమలు దరువు వేస్తూనే ఉన్నాయి. ప్రజాస్వామ్యం వచ్చాక మా ఊళ్లో అరెస్టయిన మొదటి మనిషి నచిసాలె అక్క. నేరం అన్నచోట పోలీసులు నాట్యం అని రాసుకున్నారు.

డోలు ఆగింది. ముందు ఒకామె నిలబడిపోయింది, తర్వాత ఆమె పక్కనున్నామె, తర్వాత వరుస వరుసంతా. ఎనభై మంది ఆడవాళ్లు చేతులు కట్టుకుని, జీపు పోయిన దారి వైపు చూస్తూ నిలబడ్డారు. ఛైర్మన్ గారు ఎంత అరిచినా ఒక్కరూ కదల్లేదు. ఆయన ముఖం పాలిపోయింది.

మంత్రిగారు మాత్రం తొణకలేదు. విదేశీయుల వైపు తిరిగి, రెండు చేతులూ బార్లా చాచారు.

"చూశారా! ఒక్కరు కాదు, ఎనభై మంది! ఎవరూ ఆడటం లేదు!"

విదేశీయులు చాలాసేపు చప్పట్లు కొట్టారు.