స్టేషన్లో రెండు గుండ్లు

ఆ గురువారం లాయిడ్ వాండర్సాల్ వేసుకున్న పథకం చాలా సులువైనది. చీకటితోనే స్కూలు బస్సు తీసి పిల్లల్ని స్కూల్లో దింపాలి. తర్వాత మెయిన్ వీధి హోటల్లో గుడ్లూ కాఫీ ముందు పెట్టుకుని, మంగలి రస్‌తో కలిసి రాత్రి పోటీకి చదువుకోవాలి. పది గంటలకు స్కూలు బ్యాండు మేళాన్ని అదే బస్సులో రైల్వే స్టేషన్‌కు చేర్చాలి. అధ్యక్షుడి ఎన్నికల ప్రచార రైలు ఆ రోజు వాళ్ళ హాస్కిన్స్ ఫెర్రీలో పది నిమిషాలు ఆగబోతోంది. ఒహాయోలో అంత చిన్న ఊళ్ళో అధ్యక్షుడి రైలు ఆగడమంటే మాటలా! ఆ సందడికి తగ్గట్టు మాజీ సైనికుల హాల్లో జరిగే క్విజ్ పోటీకి కూడా ఈసారి అధ్యక్షుల జీవితాలే విషయంగా పెట్టారు. మొదటి బహుమతి సగం పంది.

"ఫ్రీజర్ ఖాళీ చేసి పెట్టా. ఈసారైనా గెలిచి రా" అంది భార్య ఆర్డిస్, రొట్టె మీద వెన్న రాస్తూ. "నోరు తెరిచి గట్టిగా చెప్పు. కిందటేడు తెలిసిన జవాబులన్నీ గొంతులోనే మింగేశావ్."

"అందరూ నన్నే చూస్తుంటే భయమేసింది."

"నీకు భయం వెయ్యనిదెప్పుడు? నీ నీడ నీ వెనకాల నడిచినా ఉలిక్కిపడతావ్."

అది నిజమే. నలభై ఒక్కమంది అధ్యక్షుల్లో లాయిడ్‌కు ఇష్టుడు బెంజమిన్ హారిసన్. శ్వేతసౌధానికి కొత్తగా కరెంటు పెట్టించుకుని, షాకు కొడుతుందని ఆయనా భార్యా స్విచ్చులు ముట్టుకునేవారే కాదట. అంత పెద్ద పదవిలో అంత భయం పెట్టుకుని బతికాడంటే లాయిడ్‌కు ఎంతో ధైర్యంగా ఉండేది.

కానీ ఆ పొద్దున ధైర్యం చెప్పడానికి హారిసన్ చాలలేదు. ఓక్ రోడ్డు మలుపులో, ఇంకా తెల్లవారని మసకలో, బస్సు వెనక చక్రం గట్టెక్కి దిగింది. ఫెళ్ళుమని చప్పుడైంది. యూనిస్ క్లింగ్లర్ గారి ఇంటి ముందు ఉత్తరాలు వేసే పోస్టు డబ్బా కర్రతో సహా విరిగి గడ్డిలో పడింది. బస్సులో పిల్లలు ఈలలు వేసి చప్పట్లు కొట్టారు.

 బస్సుతో చర్చి బోర్డును గీకినందుకు లాయిడ్‌కు ఇదివరకే ఒక హెచ్చరిక ఉంది. "ఇంకొక్క ఫిర్యాదు వస్తే తాళాలు అప్పగించి ఇంటికి పో" అని ప్రిన్సిపాల్ మొహం మీదే చెప్పాడు. అదీగాక పోస్టు డబ్బా మీద చెయ్యి వేస్తే సాక్షాత్తూ కేంద్ర ప్రభుత్వం మీద వేసినట్టే. పైగా క్లింగ్లర్ గారు మామూలు మనిషి కాదు, పక్కింటి కుక్క మొరిగిందని కౌంటీ జడ్జి దాకా వెళ్ళినావిడ. లాయిడ్ ఆ డబ్బానూ కర్రనూ గబగబా పాత దుప్పట్లో చుట్టి, బస్సు వెనక సీటు కింద దూర్చాడు. మధ్యాహ్నం టపా వచ్చేలోపు కొత్తది పాతేస్తే ఎవరికీ తెలియదని తనకు తానే చెప్పుకున్నాడు.

హోటల్లో లాయిడ్ గుడ్లు ముట్టుకోలేదు. రస్ మాత్రం మంచి హుషారు మీదున్నాడు. అతనికి చెవుడు, అందుకని తనూ అరుస్తాడు, ఎదుటివాళ్ళ చేతా అరిపిస్తాడు.

"చదివావా గార్‌ఫీల్డ్‌ని?" అని మొదలుపెట్టి, కాస్త ఆగి, కాఫీ తాగి, ప్రశ్నల్లోకి దిగాడు. సరిగ్గా ఆ కాఫీ తాగే వేళకే లోపలికొచ్చి వెనక బల్ల దగ్గర కూర్చుంది ఎవరో కాదు, యూనిస్ క్లింగ్లర్ గారే. వీళ్ళు ఆవిణ్ణి చూడలేదు.

"ఎక్కడ?" అని అరిచాడు రస్.

"రైల్వే స్టేషన్లో" అని అరిచాడు లాయిడ్.

"ఎన్ని గుండ్లు?"

"రెండు. ఒకటి చేతిని రాసుకుపోవాలి, రెండోది వీపులోకి."

"వెంటనే పోతాడా?"

"పోడు. డాక్టర్లు చేతులు కడుక్కోకుండా పుండులో వేళ్ళు పెట్టి కెలుకుతారు. రెండున్నర నెలలకి పోతాడు."

"కుర్చీ ఎవరికి?"

"ఆర్థర్‌కి!"

"శభాష్! ఇవాళ గెలుపు మనదే!" అని రస్ బల్ల చరిచాడు. వెనక బల్ల దగ్గర కాఫీ ఒలికింది. క్లింగ్లర్ గారు టోపీ కూడా మరిచిపోయి ఇంటికి పరుగెత్తింది.

పదింటికి స్కూలు ఆవరణలో బ్యాండు పిల్లలు బాకాలూ డోళ్ళూ పట్టుకుని బస్సెక్కుతుండగా మూడు నల్లకార్లు వచ్చి ఆగాయి. వాటిలోంచి దిగినవాళ్ళు లాయిడ్‌ను చెరో రెక్కా పట్టుకుని ప్రిన్సిపాల్ గదిలో కూర్చోబెట్టారు. వాళ్ళ పెద్ద పేరు ప్రెస్కాట్. చెవిలో తీగ, మొహంలో నవ్వన్న జాడ లేదు.

"మేమెందుకొచ్చామో తెలుసా?"

తెలియకేం! కేంద్ర ప్రభుత్వం ఇంత చురుగ్గా పని చేస్తుందని మాత్రం లాయిడ్ ఎన్నడూ అనుకోలేదు. ఒక్క పోస్టు డబ్బాకు మూడు కార్లు!

"తెలుసు సార్" అన్నాడు.

"ఒప్పుకుంటున్నావా?"

"ఒప్పుకుంటున్నా సార్. ఆ మనిషి మీద నాకే కోపమూ లేదు. ఒట్టు."

"కోపం లేకపోతే ఈ పని ఎందుకు పెట్టుకున్నావ్?"

"మసక చీకటి సార్. బుద్ధి పని చెయ్యలేదు."

"ఇంకెవరికి తెలుసు?"

"బస్సులో పిల్లలకి తెలుసు."

ప్రెస్కాట్ లేచి నిలబడ్డాడు. "పిల్లలకా!"

"చప్పట్లు కూడా కొట్టారు సార్."

 ప్రెస్కాట్ గొంతు తగ్గించి, "మీ ఆవిడకి?" అన్నాడు.

"అమ్మో, తెలిస్తే చంపేస్తుంది."

"అది ఎక్కడ దాచావ్?"

"వెనక సీటు కింద. దుప్పట్లో చుట్టిపెట్టా."

"ఎంత పొడవు?"

లాయిడ్ లేచి చెయ్యి భుజం దాకా ఎత్తి చూపించాడు. ప్రెస్కాట్ తన చొక్కా చేతిలో దాచిన మైకులోకి ఏదో చెప్పాడు. మరుక్షణం ఆవరణంతా కేకలు. పిల్లల్ని బస్సులోంచి దింపి, డోళ్ళతో సహా గడ్డిలో బోర్లా పడుకోబెట్టారు.  భయమేసినప్పుడల్లా అధ్యక్షుల పేర్లు వరసగా చెప్పుకోవడం లాయిడ్ అలవాటు. "వాషింగ్టన్, ఆడమ్స్, జెఫర్సన్, మాడిసన్..." అని గొణగడం మొదలుపెట్టాడు.

"అవన్నీ రాసుకో. ముఠా పేర్లేమో" అన్నాడు ప్రెస్కాట్ పక్కవాడితో.

అప్పుడే దూరాన రైలు కూత వినిపించింది. దగ్గరికొచ్చింది. వేగం తగ్గలేదు. స్టేషన్ నిండా జెండాలు పట్టుకుని నిలబడ్డ ఊరి ముందు నుంచి అధ్యక్షుడి రైలు దుమ్ము రేపుకుంటూ వెళ్ళిపోయింది. ఆ కూత సన్నగిల్లేదాకా లాయిడ్ విన్నాడు. ఊరికి రాక రాక వచ్చిన భాగ్యం తన వల్లే పోయిందని అర్థమై కళ్ళలో నీళ్ళు తిరిగాయి.

ఇంతలో ఇద్దరు మనుషులు దుప్పటి మూట తెచ్చి, ఎంతో జాగ్రత్తగా బల్ల మీద పెట్టి విప్పారు. సొట్టపడ్డ రేకు డబ్బా, విరిగిన కర్ర. డబ్బాలో విత్తనాల ప్రకటన కాగితం ఒకటి. అందరూ దాన్ని చాలాసేపు చూశారు.

"మరి స్టేషన్లో రెండు గుండ్లేమిటి? ఆర్థర్ ఎవడు?" అన్నాడు ప్రెస్కాట్.

"ఆర్థరా? ఇరవై ఒకటో అధ్యక్షుడు సార్! గార్‌ఫీల్డ్‌ని స్టేషన్లో కాల్చి చంపాక కుర్చీ ఎక్కాడు. పద్దెనిమిది వందల ఎనభై ఒకటి. ఇవాళ రాత్రి క్విజ్‌కి..."

ప్రెస్కాట్ కళ్ళు మూసుకున్నాడు. తెరిచాక, "నువ్వు వెళ్ళొచ్చు" అన్నాడు.

"మరి ఈ డబ్బా సంగతి?"

"అది మా పని కాదు. దాని సొంతదారు ఫిర్యాదు చేస్తే తపాలా వాళ్ళు చూసుకుంటారు. మీ స్కూలు వాళ్ళూ చూసుకుంటారు."

బయట ఊరంతా మండిపడుతోంది. లాయిడ్ మీద కాదు. పాపం అమాయకుణ్ణి పట్టుకుని హింసించారని వాళ్ళ జాలి. వాళ్ళ కోపమంతా, అధ్యక్షుణ్ణి చంపబోతున్నారని పోలీసులకు దొంగ ఫోన్ చేసిన మనిషి మీద. "వాడెవడో తెలియాలి గానీ, ఈ ఊళ్ళో వాడికి గొడ్డు కాఫీ కూడా పుట్టదు!" అని రస్ వీధి మధ్యలో నిలబడి అరుస్తున్నాడు. ఆ జాలి లాయిడ్‌కు ఊరట ఇవ్వలేదు. క్లింగ్లర్ గారు ఒక్క కాగితం ముక్క రాసి ప్రిన్సిపాల్‌కు పంపితే చాలు, తాళాలు పోతాయి, ఆ వయసులో మరో పని దొరకదు. దాచి లాభం లేదని, కాళ్ళీడ్చుకుంటూ ఆ దుప్పటి మూట చంకన పెట్టుకుని ఓక్ రోడ్డుకు నడిచాడు.

తలుపు తట్టాడు. కర్టెన్ కదిలింది. తలుపు ఒక వేలెడు తెరుచుకుంది. ఆ సందులోంచి క్లింగ్లర్ గారి కన్ను ముందు అతన్ని చూసింది, తర్వాత చంకలోని పొడవాటి మూటను చూసింది.

"అమ్మా, మీకో సంగతి చెప్పాలని..."

"నేనే! ఫోన్ చేసింది నేనే!" అని ఆవిడ కెవ్వుమంది. "ముసలిదాన్ని, కాల్చకు నాయనా! హోటల్లో విన్నది విన్నట్టు చెప్పా! ఊళ్ళో తెలిస్తే నన్ను చర్చిలోకి కూడా రానివ్వరు!"

 తనను చూసి ఒక మనిషి భయపడటం లాయిడ్‌కు పుట్టి బుద్ధెరిగాక ఇదే మొదలు. ఏం చెయ్యాలో తోచక మూట విప్పి చూపించాడు. ఆవిడ తన డబ్బాను చూసింది. అతని మొహం చూసింది. 

"ఇది పొద్దున నా బస్సు..." అని అతను మొదలుపెట్టాడు.

"గాలికి పడిపోయింది" అంది ఆవిడ.

"గాలికా?"

"గాలికే. నా కళ్ళారా చూశా. ఎవరడిగినా అదే చెప్తా." ఆవిడ వీధి అటూ ఇటూ చూసింది. "మరి ఆ ఫోను సంగతి... నువ్వెవరితోనైనా..."

 ఆ రోజు మొదటిసారి లాయిడ్ గొంతు గట్టిగా పలికింది.

"మీరు ఫోన్ ఎలా చేస్తారమ్మా? మీ ఫోను తీగ కూడా ఆ గాలికే తెగిపోయిందిగా."

సాయంత్రానికల్లా ఊరంతా ఆ గాలి గురించే చెప్పుకున్నారు. ఆ రోజు హాస్కిన్స్ ఫెర్రీలో ఆకు కూడా కదల్లేదు.