నిచ్చెన పట్టుకున్న సున్నా

ఆ ఉదయం సున్నా మాస్టారు గడ్డం గీసుకుంటూనే, బహుమతి అందుకున్నాక ఏం మాట్లాడాలో అద్దం ముందు సాధన చేశారు. కాలేజీలో లెక్కలు చెప్పే ఆయన ఏడాదిపాటు ముందుగదికి నల్లగుడ్డలు కట్టి తీసిన చిన్న సినిమా ఆ రోజే పోటీకి వెళుతోంది. అందులో కథ లేదు, మనుషులు లేరు. మొదట నలుపు, అంటే శూన్యం. తర్వాత తెలుపు, అంటే అనంతం.

"ఈసారీ జనం లేచిపోతే ఆ గది నాకిచ్చెయ్యాలి. వంటింట్లో కుట్టుమిషన్ పెట్టుకుని కుట్టలేక చస్తున్నా," అంది భార్య.

"లేస్తే చప్పట్లు కొట్టడానికే లేస్తారు," అన్నారు మాస్టారు.

ప్రొజెక్టర్ నడిపే పని బావమరిదిది. ముందే చూపిస్తే మహత్తు పోతుందని అతనికి సినిమా చూపించలేదు. "ఏం జరిగినా మిషన్ మీద చెయ్యి వెయ్యకు," అని మాత్రం హెచ్చరించారు.

హాల్లో తెర నల్లగా ఉంది. ఎంతసేపు చూసినా నల్లగానే ఉంది. ముందు వరుసలో మాస్టారు తన్మయంగా కళ్లు మూసుకున్నారు. వెనక ప్రొజెక్టర్ దగ్గర బావమరిది వైరు ఊడిందనుకున్నాడు. అసలే లేడికి లేచిందే పరుగు. మిషన్ ముట్టుకోవద్దన్నారు గాని, వైరు ముట్టుకోవద్దనలేదు కదా! ప్రొజెక్టర్ ముందే నిచ్చెన వేసి, పైకప్పు నుంచి వేలాడే వైరు బిగించబోయాడు.

"ఒరేయ్, పడతావురా!" అంటూ చివరి వరుసలోంచి అక్క పరిగెత్తి నిచ్చెన పట్టుకుంది.

సరిగ్గా అప్పుడే అనంతం మొదలైంది. తెల్లటి తెర నిండా నిచ్చెన, దాని మీద బావమరిది, కింద దాన్ని పట్టుకున్న అక్క నీడలు. కళ్లు తెరిచిన మాస్టారి పైప్రాణాలు పైనే పోయాయి. పరుగున వచ్చి అతని కాలు పట్టుకుని లాగారు.

"దిగరా! ఏదీ పాడవలేదు, అది శూన్యంరా!"

"ఉండు బావా, కరెంటొచ్చింది! ఇంకాస్త బిగించేస్తా!"

ఈయన లాగినకొద్దీ అతను పైకెక్కాడు. ఈలోగా సినిమా అయిపోయింది. జనం లేచి నిలబడ్డారు. ఏడాది కష్టమంతా బూడిదలో పోసిన పన్నీరైందని మాస్టారు గుడ్లనీరు కుక్కుకున్నారు.

న్యాయనిర్ణేతగా వచ్చిన పెద్దావిడ మైకు అందుకుంది. "పైకెక్కేది ధనసంఖ్య, కిందికి లాగేది రుణసంఖ్య. రెంటి మధ్యా కదలకుండా నిలబడిన ఆ స్త్రీ సున్నా! మొదటి బహుమతి దీనికే!"

"పడతాడేమోనని పట్టుకున్నానండీ, అంతే," అంది భార్య.

"అదేనమ్మా సున్నా చేసే పని! వచ్చే నెల పెద్ద హాల్లో మళ్లీ వెయ్యాలి. మీరు లేకుండా కుదరదు."

చప్పట్లతో హాలు దద్దరిల్లింది. మాస్టారు సాధన చేసిన ఉపన్యాసం ఎవరూ అడగలేదు.

"నల్లగుడ్డలు విప్పకండి, రిహార్సల్‌కి కావాలి," అంటూ ఇల్లు చేరగానే భార్య కుట్టుమిషన్‌తో సహా ముందుగదిలోకి నడిచింది.

పందెం ప్రకారం గది మాస్టారిదే. లోపలికి వెళ్లాలంటే మాత్రం తలుపు తట్టాలి.