దుబ్బయ్యకు మిగిలిన వేషం

కోహెడ ముద్దుబిడ్డ శైలేందర్ నిర్మాతా, దర్శకుడూ అయిన సంగతి ఇందుమూలంగా సకల జనులకూ తెలియజేయడమైనది. నమ్మనివాళ్లు సిద్దిపేట బస్టాండులో కట్టిన ఫ్లెక్సీ చూసుకోవచ్చు. దాని వెనక బస్సుల వేళల బోర్డు మూసుకుపోయిందని కొందరు గొణుగుతున్నారు. కళాద్వేషులు.

హైదరాబాదులో ఆయన ఏళ్ల తరబడి అసిస్టెంట్ డైరెక్టర్. హీరోకు గొడుగు పట్టడం, హీరోయిన్ కుక్కకు అన్నం తినిపించడం, డైరెక్టర్ తప్పు చేస్తే తాను తిట్లు తినడం, ఇట్లా దర్శకత్వంలోని అన్ని శాఖలనూ ఔపోసన పట్టాడు. అవకాశమిచ్చే నిర్మాత మాత్రం దొరకలేదు. అందుకని తానే నిర్మాత అయి, తనకు తానే కథ చెప్పుకొని, తానే మెచ్చుకొని, తనకే అవకాశమిచ్చుకున్నాడు.

కథ ఊళ్లోదే. కల్లు గీసే దుబ్బయ్య చెలకను పెద్ద రైతు, పెద్ద నాయకుడు అయిన దామోదర్ గట్టు చెరిపి తన పొలంలో కలిపేసుకున్నాడు. ఇది ఊరందరికీ తెలుసు. కాబట్టి ఎవరూ మాట్లాడరు.

"దుబ్బయ్య మామా, నీ చెలక ముచ్చట లోకమంతా చూస్తది," అని తాటిచెట్ల కింద కూచొని శైలేందర్ మాటిచ్చాడు. "సినిమా ఆడినంక పంచాయితీ పెట్టిస్త. పెద్దమనుషులు సిగ్గుపడి నీ భూమి నీకిప్పిస్తరు."

"గంతే చాలు అల్లుడా," అని దుబ్బయ్య ఇంకొంచెం కల్లు పోశాడు.

ఇక ఊరు సాయం చేసింది. సాయం చేసినవాళ్లకు వేషం ఇవ్వడం చిన్న సినిమా ధర్మం. యూనిట్‌కు ఇల్లు, ట్రాక్టరు, రెండు పూటలా మటన్ ఇచ్చినది దామోదర్. అందుచేత భూమి పోయిన రైతు పాత్ర ఆయనకే దక్కింది. ఏడుపు సీనుకు గ్లిజరిన్ అక్కర్లేకపోయింది. భూమి పోతుందన్న ఊహకే ఆ మహానుభావుడు వెక్కివెక్కి ఏడ్చాడు.

జనరేటర్ ఇచ్చిన మహేందర్ "నేను విలన్ వేస్తే రేపు ఎలక్షన్ల నాకెవడు ఓటేస్తడు?" అని ధర్మాత్ముడైన సర్పంచ్ అయ్యాడు. బట్టలిచ్చిన దుకాణం సతీశ్ "బిడ్డకు సంబంధాలు చూస్తున్నం" అని దయగల సేటు అయ్యాడు. ఇంతమంది మంచివాళ్లున్న ఊరు దేశంలో ఇంకోటి ఉండదు. ఒక్కటే చిక్కు. మరి భూమి ఎవరు గుంజుకున్నట్టు?

కల్లు తప్ప ఏమీ ఇవ్వనివాడు ఒక్కడే మిగిలాడు.

"ఏందిరా అల్లుడా, నా భూమిని నేనే గుంజుకోవాల్నా?" అన్నాడు దుబ్బయ్య.

"యాక్టింగే గద మామా! గా ఎర్రకండ్లు చూడు, దేవుడిచ్చిన మేకప్. ఒక్కటే డైలాగ్. 'గీ భూమి నాది!' అని గర్జించాలె. గంతే."

ఆ డైలాగు దుబ్బయ్యకు నేర్పాల్సిన పని పడలేదు. ఒక్క టేకుకే ఓకే అయింది.

విడుదల నాడు సిద్దిపేటలో సభ. దామోదర్ గారు యాంకరమ్మ చేతిలోంచి మైకు కూడా గుంజుకున్నారు. "భూములు గుంజుకునేటోళ్లను సమాజం వెలివేయాలె! రైతు కన్నీరు నా కన్నీరు!" మనం లేచి నిలబడి చప్పట్లు కొట్టాం. సభయ్యాక థియేటర్లో సినిమా చూస్తూ దుబ్బయ్య భార్య ఐలవ్వ మాత్రం మొగుణ్ని మోచేత్తో పొడిచింది. "గంత భూమి గుంజినవు, ఇంట్ల గింజ లేకపాయె గదనయ్యా!"

శైలేందర్ మాట తప్పే మనిషి కాదు. పంచాయితీ పెట్టించాడు. ఊరంతా వచ్చింది, మీరూ నేనూ కూడా. దామోదర్ తువ్వాలతో కళ్లొత్తుకున్నాడు. సినిమాలో ఆ ఏడుపు చూసినవాళ్లంతా అయ్యో పాపం అన్నారు. నీ ముచ్చటేందో చెప్పుమని పెద్దలు దుబ్బయ్యనడిగారు.

దుబ్బయ్య లేచి నిలబడి అన్నాడు.

"గీ భూమి నాది."

ఇక చూడండి, విజిళ్లు! "ఇంకోపారి డైలాగ్ కొట్టు దుబ్బన్నా!" అని అరిచిన గొంతుల్లో నాకు తెలిసినవే ఎక్కువ. ఆయన మళ్లీ చెప్పాడు. ఈసారి ఏడుస్తూ చెప్పాడు.

ఏడుపు మాత్రం దామోదర్ అంత బాగా రాలేదని ఏకగ్రీవంగా తీర్మానించి, మనం ఇళ్లకు పోయాం.