ఫైటర్ బెన్‌హర్ పడిన శుభవేళ

సినిమా హీరో చేతిలో మన బోధన్ బెన్‌హర్ ఒక్క దెబ్బకే కూలిపోయిన శుభసందర్భాన్ని పురస్కరించుకుని, నిజామాబాద్‌లో ఆయనకు ఘన సన్మానం జరిగిందని తెలియజేయుటకు సంతోషిస్తున్నాను.

బెన్‌హర్ అంతకుముందు కూడా ఏదో చేసేవాడు. బాక్సింగ్‌లో జాతీయ చాంపియన్. బంగారు పతకంతో రైలు దిగిన రోజు స్టేషనుకు వాళ్ళమ్మ రెబెకమ్మ ఒక్కతే వచ్చింది. ఆటోలో పక్కన కూర్చున్నాయన బెన్‌హర్ మెడలోని పతకం చూసి, "ఏ దేవునికి మొక్కిండ్రే అన్నా, గింత పెద్ద బిళ్ళ?" అని భక్తిగా అడిగాడట.

ఊరిని తప్పుపట్టలేం. మనకు తెలిసిన మాట ఫైటర్. ఫైటర్ అంటే హీరో చేతిలో తన్నులు తినేవాడు. సినిమావాళ్ళు పిలిచి ఆ ఉద్యోగం ఇచ్చాకే బెన్‌హర్ ఏం చేస్తాడో మనకు అర్థమైంది.

బోధన్‌లో ఆ సినిమా మొదటి ఆట. హీరో పిడికిలి తగిలీ తగలకముందే బెన్‌హర్ గాల్లో గిర్రున తిరిగి టమాటా బండి మీద పడ్డాడు. హాలంతా ఈలలు. రెబెకమ్మ లేచి నిలబడింది.

"నా కొడుకును కొడితే ఈలలేస్తరేందిరా? వాడు నిజంగ ఒక్కటి గుద్దితే గా సన్నపోడు వర్ని కాలువల తేలుతడు!"

ఆమెకు కళాదృష్టి తక్కువ.

ఇక సన్మానం. బోధన్‌లో చెరుకు కాటా పక్కన ఒక రేకుల షెడ్డు ఉండేది. బెన్‌హర్ అందులో ఆడపిల్లలకు బాక్సింగ్ నేర్పేవాడు. దాన్ని పడగొట్టి ఫంక్షన్ హాలు కట్టాలన్నది సన్మాన సంఘం అధ్యక్షులు రవీందర్ గారి ప్రజాసేవాభిలాష. షెడ్డును వదిలేయమని అడగడానికే బెన్‌హర్ శాలువాకు ఒప్పుకున్నాడు.

"బోధన్‌ల చక్కెర ఫ్యాక్టరీ పోయింది గని తీపి పోలే! మన బిడ్డ ఎంత అందంగ పడ్డడో యావత్ తెలుగు జాతి సూసింది!" అని రవీందర్ గారు ప్రసంగించారు.

"అన్నా, గా షెడ్డు..."

"షెడ్డు యాడికి పోతదిరా? ముందుగాల నేనొక్కటి గుద్దుత, నువ్వు పడు. తర్వాత మాట్లాడుదం."

పిడికిలి దవడకు జానెడు దూరంలో పోయింది. బెన్‌హర్ పడ్డాడు. వీడియో తీసే నరేష్ ఫోనులో బటన్ నొక్కలేదని తేలింది. మళ్ళీ పడ్డాడు. తర్వాత ఉపాధ్యక్షులు, కోశాధికారి, వంటల కాంట్రాక్టరు, మైకు సరిచేసే ఆయన. రింగులో ఏ మొనగాడూ పడేయలేని మనిషిని మన అభిమానం అవలీలగా పడేసింది.

ఆయన శిష్యురాలు నజియా వేదిక పక్కకు వచ్చింది. "గట్లెందుకు పడుతుండ్రు సార్?"

"షెడ్డు నిలబడాలంటె నేను పడాలె, బిడ్డా," అంటూ ఆయన నడుము పట్టుకుని లేవబోయాడు.

"లేవకుండ్రి సార్. ఇంక ఇద్దరున్నరు."

రవీందర్ గారు మాట తప్పే మనిషి కాదు. తర్వాత మాట్లాడుదామన్నారు, మాట్లాడారు. "రేకులు ఎన్నొద్దులుంటయిరా? నీ పేరు సిమెంట్ల నిలబెడుత!"

ఆ విధంగా వెలసిందే బెన్‌హర్ ఫంక్షన్ హాల్. పూర్తి ఏసీ. పిల్లలు ఇప్పుడు కోత అయిపోయిన చెరుకు తోటలో నేర్చుకుంటున్నారు. చెరుకు మోళ్ళు అరికాళ్ళలో గుచ్చుకోవడం వల్ల కాళ్ళ కదలికలో వేగం పెరిగిందని రవీందర్ గారే సభాముఖంగా ప్రకటించారు.

హాలు గుమ్మంలోనే బెన్‌హర్ నిలువెత్తు బొమ్మ ఉంది. పడుతున్న బొమ్మే. కింద 'ఓటమి ఎరుగని వీరుడు' అని బంగారు అక్షరాలు. పెళ్ళికి వచ్చిన ప్రతివారూ ఆ దవడకు పిడికిలి ఆనించి ఫోటో దిగుతున్నారు. మీరూ ఎప్పుడో వస్తారు, దిగుతారు. కాకపోతే ఒక మనవి. దవడ మీద రంగు ఇప్పటికే పోయింది. మీరు కడుపులో గుద్దండి, అక్కడింకా చోటుంది.